గిన్నె చల్లారేంత సేపు

సిస్టరమ్మ పోయిందన్న కబురు మాకు మంచిర్యాల స్టేషన్లో చాయ్ అమ్మే ఆయన తెచ్చాడు. కరీంనగర్ నుంచి వచ్చిన మనిషెవరో రైలు దిగుతూ చెబితే, చాయ్ కెటిల్ పక్కవాడికి అప్పగించి నేరుగా మా ఇంటికి నడిచి వచ్చాడు. నేను పాఠాలు చెప్పే బడికి బయలుదేరుతున్నాను. ఆయన గడప దాటలేదు. లోపల మంచం మీద కూర్చున్న మా బాపు వైపు ఒకసారి చూసి గొంతు తగ్గించాడు.

"తెల్లారంగ పోయిందట బిడ్డా. నిద్రల్నే పోయిందట" అన్నాడు. వెనక్కి తిరుగుతూ, "బాపుకెట్ల చెప్తవో ఏమో" అని తనలో తాను అనుకున్నట్టుగా అని వెళ్లిపోయాడు.

ఆ చివరి ముక్క నన్ను వదల్లేదు. పోయినామె ఎవరో, ఆమె పోయిందని మా బాపుకు చెప్పడం ఎందుకంత కష్టమో చెబితే ఆమె గురించి నాకు తెలిసిందంతా చెప్పినట్టే. అందుకే ఇది రాస్తున్నాను.

ఆమెకు ఒక పేరు ఉండే ఉంటుంది. మందమర్రి అవతల ఉన్న మా బొగ్గుబాయి కాలనీలో ఆ పేరు ఎవరూ వాడగా నేను వినలేదు. పెద్దవాళ్లకూ పిల్లలకూ, డాక్టరు గారికీ, గేటు దగ్గర పఠాన్ తాతకూ ఆమె సిస్టరమ్మే. కరీంనగర్ దగ్గర ఊళ్లో మిషన్ కుటుంబంలో పుట్టి, దవాఖాన పని నేర్చుకుని మా కాలనీకి వచ్చింది. పొట్టి మనిషి. భుజం దగ్గర పిన్నుతో బిగించిన తెల్లచీర, కాళ్లకు కాన్వాసు బూట్లు. నడుస్తుంటే చిన్నగా కూనిరాగం తీసేది. మనిషి కంటే ముందు ఆ రాగం వచ్చేది. వక్కపలుకు నోట్లో లేకుండా ఆమెను చూసినవాళ్లు తక్కువ. పాస్టరు గారు కనిపిస్తే మాత్రం దాన్ని దవడకు తోసేసి గంభీరంగా నిలబడేది. శనివారం శనివారం కాలనీ పిల్లలందరినీ వరసగా నిలబెట్టి గోళ్లు కత్తిరించేది. గోరు కింద మట్టి కనబడితే, "గీడ మక్క పెడ్తవా బిడ్డా, మొలుస్తది" అనేది. తన గోళ్లు మాత్రం ఎప్పుడూ చివరికంటా తీసేసి ఉండేవి. ఈ సంగతి గుర్తుంచుకోండి, మళ్లీ చెప్పాల్సి వస్తుంది.

యాళ్ల తప్పుడు అంటే ఈ కాలం పిల్లలకు తెలియదు. యాళ్ల అంటే వేళ. తెలియకపోవడమే మేలు. దవాఖాన కాగితాల మీద దానికి నోరు తిరగని పేరేదో ఉండేది. మా కాలనీలో మాత్రం ఫలానా ఆయనకు యాళ్ల తప్పింది అంటే అందరికీ అర్థమయ్యేది.

మా వైపు గనిని బాయి అంటారు. మా బాయిలో పడమటి గల్లీ అని ఒక సొరంగం ఉండేది. బొగ్గు తీసుకుంటూ పోతుంటే అక్కడ కాలం కుదురుగా నిలవని చోటు తగిలింది. అలా ఎందుకయిందో పై నుంచి వచ్చిన ఇంజనీర్లు కూడా చెప్పలేకపోయారు. పొద్దున కట్టుకుపోయిన సద్ది ఆ గల్లీలో మూట విప్పేలోపలే పాచిపోయేది. ఇంకోనాడు షిఫ్టంతా వెలిగిన దీపంలో నూనె ఎక్కడిదక్కడే ఉండేది. అందుకని కూలీల ముఠాను లోపలికి తీసుకుపోయే సర్దార్లు నడుముకు పచ్చి తంగేడు కొమ్మ చెక్కుకుని బాయి దిగేవాళ్లు. గల్లీ మలుపులో నిలబడి కొమ్మను ముందుకు చాపి చూసేవాళ్లు. ఆకు వాడకపోతే పనికి పోవడం, వాడితే వెనక్కి రావడం. ఎవరూ రాసి పెట్టని పద్ధతి, అందరూ పాటించేవాళ్లు.

మా బాపు సర్దారే. నాకు తొమ్మిదేళ్లప్పుడు, నిజాం నాటి హాలి సిక్కా రూపాయి ఇంకా బజార్లో చెల్లుతున్న రోజుల్లో, ఒక పొద్దున ఆయన ఆ మలుపులో కొమ్మ చాపాడు. కొమ్మ వాడలేదు. పైగా నిగనిగలాడింది. "ఇయాల కొమ్మ మస్తు పచ్చగున్నది, నడువుండ్రి" అని ఆయనే ముఠాను లోపలికి తోలాడు. పూసిన కొమ్మ తిరిగి మొగ్గల్లోకి పోయిందని, కాలం ఆ రోజు వెనక్కి నడుస్తున్నదని ఎవరికీ తట్టలేదు. వాడితే భయపడాలని తెలుసు గానీ లేతబడినా భయపడాలని ఎవరికి తెలుసు? పాపం, ఎవరినీ అనేందుకు లేదు. ఆ ముఠాలో చాలామందికి ఆ రోజే జబ్బు అంటుకుంది.

బాపు ఇంటికి వచ్చాడు, స్నానం చేశాడు, బాగానే ఉన్నాడు. రెండు మూడు వారాలకు మొదలైంది. ఒక పగలు నేను బడి నుంచి గెంతుతూ వస్తే నోటిమీద వేలు పెట్టి, "సప్పుడు చెయ్యకు. మా బిడ్డ ఉయ్యాల్ల పండుకున్నది" అన్నాడు. నేను ఆట అనుకుని నవ్వాను. ఆయన నవ్వలేదు. నన్ను పక్కకు పిలిచి, "ఎవరి బిడ్డవే నువ్వు? బయట మంచిగ లేదు. రజాకార్లు తిరుగుతున్నరంట. జల్ది ఇంటికి పో" అన్నాడు. మా అవ్వ, అంటే మా అమ్మ, పొయ్యి దగ్గర నిలబడి ఇదంతా విన్నది. నేను ఏడవలేదు, ఆమే ఏడ్చింది. మమ్మల్ని గుర్తు పట్టని రోజుల్లో కూడా పరాయి పిల్లననుకుని నన్ను భద్రంగా ఇంటికి పంపాలని చూసేవాడు మా బాపు. ఆ మంచితనం నాకు అప్పుడు కోపం తెప్పించేది. నేను ఇంట్లోనే ఉన్నాను, ఇంకే ఇంటికి పోవాలి?

జబ్బు పడ్డవాళ్లకోసం దవాఖాన వెనక పెంకుల పొడుగు వార్డు ఒకటి కట్టారు. డాక్టరు గారు హైదరాబాదాయన, మంచివాడు. ఈ జబ్బుకు మందు తన దగ్గర లేదని దాచకుండా చెప్పేవాడు. బలానికి ఇవ్వవలసినవి ఇచ్చి, మిగతాది సిస్టరమ్మకు వదిలేవాడు. ఆమెకు కూడా మొదట్లో ఏమీ తెలియదు. తెలిసినట్టు నటించలేదు. వార్డులో ఒక మూల స్టూలు వేసుకుని వక్క నములుతూ వాళ్లనే చూస్తూ కూర్చునేది.

అలా చూడగా చూడగా ఒక సంగతి ఆమె కంటబడింది. ఉట్నూరు వైపు నుంచి వచ్చిన ఒక గోండు ఆయన రోజంతా తన చిన్ననాటి అడివిలో తిరిగేవాడు. మొక్కజొన్న రవ్వతో వండిన వేడి వేడి మక్క గట్క గిన్నె చేతికిచ్చినప్పుడు మాత్రం చుట్టూ చూసి, ఇందులో ఉప్పు తక్కువైందని వంటామెను తిట్టేవాడు. గిన్నె చల్లబడగానే మళ్లీ అడివిలోకి పోయేవాడు. సిస్టరమ్మ మర్నాడు ఉప్పు సరిగ్గా వేయించి, గిన్నె ఇంకా వేడిగా ఇప్పించింది. ఆయన ఈసారి వంటామెను మెచ్చుకున్నాడు. అప్పటి నుంచి వార్డులో ఒక మాట పడింది. "ఉప్పు తక్కువైందని తిట్టెటోడు ఇయాలల్ల ఉన్నట్టే" అనేది ఆమె. ఎవరైనా వంటను తిడితే ఆ రోజు ఆమెకు పండుగ.

మనసు ఎన్నేళ్లు వెనక్కి పోయినా, కాలుతున్న అరచేయి మాత్రం ఈ పూటలోనే ఉంటుంది. ఇది ఆమె కనిపెట్టిన వైద్యం. గిన్నె చేతిలో పెట్టి, రెండు చేతులతో పట్టించి, "చెయ్యి కాలుతున్నదా? గదే ఇప్పుడు" అనేది. అంతకు మించి ఏమీ చెప్పేది కాదు.

నన్ను వార్డుకు మొదటిసారి పిలిపించింది కూడా ఆమే. నేను బాపు ముందు నిలబడి, నేను నీ బిడ్డనని అరవాలని సిద్ధమై పోయాను. గుమ్మంలోనే నా భుజం పట్టుకుని ఆపింది.

"నీ పేరు చెప్పకు. నువ్వెవరో చెప్పకు. గిన్నె ఇచ్చి నిలబడు, గంతే" అన్నది.

ఇచ్చాను. బాపు గిన్నె పట్టుకున్నాడు. ముఖం చిట్లించాడు. చేతులు మార్చుకోబోయి మార్చుకోలేదు. ఆవిరిలోంచి నన్ను చూశాడు, తర్వాత నా లంగా అంచు దగ్గర నుంచి తలదాకా చూశాడు.

"పెద్దగైనవు గదనే" అన్నాడు.

వెనక సిస్టరమ్మ ముక్కు చీదుకుంటూ, పొగ ఎక్కువైందని వంటామె మీద కేకలేసింది. వార్డులో పొగే లేదు.

ఆ రోజు నుంచి గిన్నె చల్లారేంత సేపు మా బాపు మాకు ఉండేవాడు. రోజూ. ఇది తక్కువనుకునేవాళ్లు అనుకోవచ్చు. తండ్రి ఇంట్లో పగలంతా ఉన్నా అంతసేపు మాట్లాడని ఇళ్లు నేను చాలా చూశాను. ఆ కాస్త సేపు ఎలా వాడుకోవాలో కూడా సిస్టరమ్మే నేర్పింది. ఏడవొద్దు. ఇంట్లో సరుకులు నిండుకున్నాయని చెప్పొద్దు. నిన్న నన్ను ఎందుకు గుర్తుపట్టలేదని అసలే అడగొద్దు. బడిలో ఏం చెప్పారో చెప్పాలి, బర్రె ఈనిందని చెప్పాలి, ఆయన ఏదైనా అడిగితే దానికి జవాబు చెప్పాలి. ఇక చల్లారిన తర్వాత ఆయన ఏ రోజుల్లోకి పోతే ఆ రోజుల్లో మనం ఏం చేయాలన్నదానికి ఆమెకు రెండే నియమాలు. "అబద్ధం చెప్పొద్దు, తప్పు దిద్దొద్దు" అనేది. రజాకార్లు వస్తున్నారు తలుపు వెయ్యమంటే, రావడం లేదని వాదించొద్దు, వస్తున్నారని ఒప్పుకోవద్దు, లేచి తలుపు వెయ్యి. చెప్పినంత సులువు కాదు ఈ పద్ధతి. మా మేనమామలు ఎన్నడూ పట్టుకోలేకపోయారు, పండుగకు వచ్చిన ప్రతిసారీ బాపుకు ఇది ఏ సంవత్సరమో పాఠం చెప్పబోయేవాళ్లు. సిస్టరమ్మ వాళ్లను బయట అరుగు మీద కూర్చోబెట్టి చాయ్ ఇచ్చి పంపించేది.

ఆమెకు కోపం వచ్చిన రోజు కూడా చెప్పాలి. మా అవ్వకు ఆశ పుట్టింది. గిన్నె వేడిగా ఉన్నంత సేపే కదా, ఇంకా వేడిగా ఉంటే ఇంకా ఎక్కువసేపు ఉంటాడు కదా అని. ఇంట్లో ఉన్న ఇనుప గిన్నెను పొయ్యి మీద బాగా కాగబెట్టి, బట్టలో చుట్టి, పరుగున వార్డుకు తెచ్చి బట్ట తీసి బాపు చేతుల్లో పెట్టింది. బాపు అబ్బా అన్నాడు గానీ వదల్లేదు. వదిలితే తాను ఎక్కడికి పోతాడో ఆయనకు తెలుసు. అవ్వ ఏదో చెబుతూనే ఉంది, ఆయన నవ్వుతూ వింటూనే ఉన్నాడు. సిస్టరమ్మ వచ్చి ఆ గిన్నె లాక్కునేసరికి అరచేతులు బొబ్బలెక్కాయి.

బాపు చేతులకు మందు రాసి, గుడ్డ కట్టి, ఆ ఇనుప గిన్నెను తీసుకుపోయి వార్డు వెనక ముళ్లకంపలోకి విసిరింది. తర్వాత అవ్వ పక్కన కూర్చుంది. "నీ పెనిమిటి ఈడ ఉండనీకె చేతులు కాల్చుకుంటడు. నువ్వు కాల్చకు చెల్లె" అన్నది. ఆ పైన వాళ్లిద్దరూ చాలాసేపు ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని కూర్చున్నారు. నేను గోడ దగ్గర నిలబడి చూశాను.

మర్నాటి నుంచి ఆమె కుమ్మరి వాకిలి వదల్లేదు. లోపల వేడి ఎక్కువసేపు ఉండాలి, బయట చెయ్యి కాలాలి గానీ బొబ్బ రాకూడదు. అలాంటి మట్టి గిన్నె కావాలి. కుమ్మరాయన చేసినవి చేసినట్టే తిప్పి పంపేది. ఒకటి మందం చాలదు, ఒకటి పట్టుకోవడానికి బరువు, ఒకటి అంచు తెగుతుంది. ఆయన విసిగిపోయి, ఇంత సతాయింపు నా పెండ్లాం కూడా పెట్టదని అందరి ముందూ అన్నాడట. చివరికి అంచు ఎత్తుగా, అడుగు మందంగా ఒకటి కుదిరింది. ప్రతి గిన్నెనూ ముందు తన చేతుల్లోనే పట్టుకుని, చల్లారేదాకా కదలకుండా కూర్చుని చూసి గానీ వార్డులో వాడనిచ్చేది కాదు. ఆ తర్వాత మాకు బాపు ఇంకాస్త ఎక్కువసేపు దొరికాడు.

జబ్బు పడ్డవాళ్లందరూ వెనక్కే పోలేదు. ఒకరిద్దరు అప్పుడప్పుడు ముందుకు పోయేవాళ్లు. రాని రోజుల్లో ఉండి, వాటి గురించి మాట్లాడేవాళ్లు. ఈ సంగతి ఎలా పాకిందో, ఒకనాడు భైంసా నుంచి పత్తి సేటు ఒకాయన రైలు దిగి జట్కా కట్టించుకుని వచ్చాడు. వచ్చే ఏడు పత్తి ధర ఎట్లుంటుందో రోగిని అడిగి చెప్పమన్నాడు. వార్డుకు ఏం కావాలన్నా తెప్పిస్తానన్నాడు. సిస్టరమ్మ ఆయన చెప్పిందంతా శ్రద్ధగా విన్నది. తర్వాత చీపురు తెచ్చి ఆయన చేతిలో పెట్టి, "ఇంత దూరం వచ్చినవ్ సేటూ, వార్డు జర ఊడ్చి పో" అన్నది. ఆయన ముఖం చూసి మంచాల మీద రోగులు కూడా నవ్వారు, ఏ కాలంలో ఉన్నవాళ్లు ఆ కాలంలోనే. జబ్బు మనిషితో సోది చెప్పించుకునేది పాపమని ఆమె మాకు తర్వాత చెప్పింది. ముందుకు పోయిన మనిషి అక్కడ ఒంటరిగా భయపడుతుంటాడు, వాణ్ని పిలిచి వెనక్కి తేవాలి గానీ ఇంకాస్త అక్కడే ఉండి చూసి రమ్మంటామా అన్నది. నాకు అంతవరకూ ఆ ఆలోచనే రాలేదు. నా పెళ్లి ఎప్పుడో అడిగిస్తే బాగుండునని నేనూ అవ్వా అనుకుంటూ ఉన్న రోజులవి.

ఇక బాయి సంగతి. అప్పటికే ఆడవాళ్లు బాయి దిగడం బంద్. ఆ రోజు పొద్దున సిస్టరమ్మ గిన్నె తీసుకుని వచ్చేసరికి బాపు మంచం ఖాళీగా ఉంది. వార్డు కంచెలో తంగేడు పొదకు ఒక కొమ్మ అప్పుడే విరిచిన గుర్తు కనిపించింది. ఆమె ఇంకెక్కడా వెతకలేదు. సైరన్ విని తనది మొదటి షిఫ్టు అనుకుని బాపు కూలీల గుంపులో కలిసి నడిచిపోయాడు. గేటు దగ్గర మనిషి ఎన్నో ఏళ్లుగా చూసిన సర్దారే కదా అని సలాం కొట్టి లోపలికి వదిలాడు. బాపు తిన్నగా పడమటి గల్లీలోకి పోయాడు.

సిస్టరమ్మ గిన్నె కొంగులో చుట్టుకుని బాయి దిగింది. ఆపబోయిన షిఫ్టు అధికారి ఓవర్‌మెన్‌ను ఏమన్నదో ఆయన ఎవరికీ చెప్పలేదు. గల్లీ మలుపులో మనుషులు కొమ్మ చాపి నిలబడి ఉన్నారు. కొమ్మ వాడుతోంది, మళ్లీ చిగురిస్తోంది, మళ్లీ వాడుతోంది. ఒక్క తీరుగా నిలవడం లేదు. కుదిరేదాకా ఆగుదామని వాళ్లన్నారు.

"గిన్నె సల్లారుతున్నది. ఎంతసేపు సూస్తరు?" అని ఆమె లోపలికి నడిచింది.

బయట ఉన్నవాళ్ల లెక్కకు ఒక బీడీ కాలేంత సేపు. అంతలోనే ఆమె బాపు చెయ్యి పట్టుకుని బయటికి వచ్చింది. చీర అంచులు నూలు పోగులైపోయి ఉన్నాయి. గిన్నెలో గట్క ఎండి పెంకు కట్టి ఉంది. ఆమె గోళ్లు పొడుగ్గా పెరిగి వంకర తిరిగి ఉన్నాయి. దీపాల వెలుతురులో అందరూ ఆ గోళ్లనే చూస్తున్నారని తెలిసి ఆమె చేతులు కొంగులో దాచుకుంది. "కత్తెర ఉన్నదా ఎవరికాడన్న?" అన్నది. అదే ఆమె మొదటి మాట.

లోపల ఏమైందో ఆమె ఎన్నడూ చెప్పలేదు. ఒకనాడు గిన్నె వేడిగా ఉన్నప్పుడు మా బాపు చెప్పాడు. తన షిఫ్టు అయ్యేదాకా రానన్నాడట. ఆమె రమ్మని లాగలేదు, షిఫ్టు లేదని చెప్పలేదు. బొగ్గు మీద ఆయన పక్కన కూర్చుంది. కూనిరాగం తీస్తూ, ఆయన షిఫ్టు ఆయనకు ముగిసేదాకా కూర్చుంది.

"శానా దినాలు కూసున్నం బిడ్డా. గిన్నె ఎప్పుడో సల్లారింది. ఆమె చెయ్యే వెచ్చగున్నది. దాన్నే పట్టుకున్న" అన్నాడు.

ఇది విన్న తర్వాత నేను ఆమె ముఖం చూడలేకపోయాను కొన్నాళ్లు. ఎవరి ఆయుష్షులోంచి ఎవరికి ఆమె పంచి ఇచ్చిందో నాకు అర్థమైంది. ఆమె మాత్రం ఎప్పటిలాగే శనివారం కత్తెర పట్టుకుని కూర్చుని, "రా, గోళ్లు సూపియ్యి" అన్నది.

ఆ తర్వాత గల్లీకి గోడ కట్టి మూసేశారు. కొత్తగా ఎవరికీ జబ్బు రాలేదు. వార్డులో మంచాలు ఒక్కొక్కటే ఖాళీ అయ్యాయి. బాపును ఇంటికి తెచ్చుకున్నాం, నాకు మంచిర్యాల బడిలో ఉద్యోగం వచ్చాక ముగ్గురం అక్కడికి మారాం. గట్క వండడం, మందం గిన్నెలో పోయడం మా ఇంట్లో పొద్దున దీపం పెట్టడంలాంటి పని అయిపోయింది. సిస్టరమ్మ కరీంనగర్‌లో తన చెల్లెలి దగ్గరకు చేరింది. అప్పటికే ఆమెకు యాళ్ల తప్పడం మొదలైంది. ఈ జబ్బు ముదిరితే గుండె ఎప్పుడు కొట్టుకోవాలో మరిచిపోతుందని డాక్టరు గారు ఒకసారి అన్నారు. ఆయన ఆ మాట ఆమె ముందే అన్నారు. ఆమె తలూపింది.

సెలవులకు ఆమె దగ్గరికి పోయేదాన్ని. ఆమె ఎటు పోయినా పొడుగు వార్డులోకే పోయేది. బాల్యంలోకి పోలేదు, తల్లి దగ్గరికి పోలేదు, డ్యూటీకే పోయింది. ఆఖరిసారి పోయినప్పుడు నేను గిన్నె తీసుకుని ఆమె చేతుల్లో పెట్టబోయాను. నన్ను చూస్తుందా, తొమ్మిదేళ్ల పిల్లను చూస్తుందా అని ఎదురుచూస్తున్నాను. ఆమె నా ముఖంలోకి చూసి, గిన్నె తీసుకుని, తిరిగి నా చేతుల్లోనే పెట్టి, తన చేతులతో నా చేతులను మూసింది.

"నువ్వు పట్టుకో. నన్ను సూసుకుంట ఏ దినాలల్లకో పోయినవ్. నీకే యాళ్ల తప్పింది" అన్నది. నవ్వింది. నోట్లో వక్క ఉంది.

నిజమే చెప్పింది. నేను ఆమె ముందు కూర్చుని పొడుగు వార్డు గురించే ఆలోచిస్తున్నాను.

మళ్లీ మొదటి సంగతికి వస్తాను. చాయ్ ఆయన వెళ్లిపోయాక అవ్వా నేనూ వంటింట్లో నిలబడ్డాం. గిన్నె చల్లారగానే బాపు మరిచిపోతాడు. మళ్లీ చెబితే మళ్లీ కొత్తగా ఏడవాలి. చెప్పకపోతే ఆయనకు ఆమె బతికే ఉంటుంది. చెప్పకుండా ఉండిపోదామని అవ్వ అన్నది, ఆయన్ని ఇంత ఏడిపించాలా అని. నాకు మాత్రం అది అబద్ధంలానే తోచింది. ఆమె పక్కన నిలబడే హక్కు ఎవరికన్నా ఉంటే మా బాపుకే ఉంది.

పోదాం పదమని ఆయన్ని లేపాను. ఎక్కడికన్నాడు. సిస్టరమ్మ దగ్గరికన్నాను. గబగబా చొక్కా వేసుకున్నాడు. పెద్దపల్లిలో రైలు దిగి బస్సెక్కి కరీంనగర్ చేరేసరికి పొద్దు నడినెత్తిన ఉంది. మిషన్ కాంపౌండు నిండా జనం. కాలనీ వాళ్లు సగానికి సగం వచ్చారు, ముసలివాళ్లైపోయిన కూలీలు, వాళ్ల పిల్లలు. సిస్టరమ్మ చెల్లెలు నన్ను చూసింది. వంటింట్లోకి పోయి పొయ్యి ముట్టించింది. అక్కడ కూడా అదే మందం గిన్నె ఉంది.

వాకిట్లో బాపు చేతుల్లో గిన్నె పెట్టాను. ఆయన ముఖం తేటపడేదాకా ఆగాను. "బాపూ, సిస్టరమ్మ పోయింది" అన్నాను.

ఆయన నన్ను చూశాడు, జనాన్ని చూశాడు. గిన్నె రెండు చేతులతో పట్టుకుని లోపలికి నడిచాడు. అందరూ దారి ఇచ్చారు. పెట్టెలో ఆమె తెల్లచీర భుజం మీద పిన్నుతో బిగించి ఉంది. చేతులు గుండెల మీద కలిపి ఉన్నాయి, గోళ్లు శుభ్రంగా తీసి ఉన్నాయి. బాపు వంగి ఒక్క చేత్తో ఆ చేతులను ముట్టుకున్నాడు.

"సల్లగున్నయి" అన్నాడు.

ఎవరైనా ఆపేలోపలే తన గిన్నెను ఆమె చేతుల మీద ఆనించి పెట్టాడు. తన రెండు చేతులతో ఆమె చేతులను దాని చుట్టూ పట్టించాడు. "చెయ్యి కాలుతున్నదా సిస్టరమ్మా?" అని అడిగాడు. ఆ గదిలో పాస్టరు గారు కూడా కదల్లేదు. ఆయన అలాగే వంగి చూస్తూ ఉన్నాడు. గిన్నె ఆమెకు ఇచ్చేసిన మనిషి చేతుల్లో ఇక వేడి లేదు. కాసేపటికి నడుము ఎత్తి నిలబడ్డాడు, చుట్టూ చూశాడు, కళ్లు వేరే ఎక్కడికో పోయాయి. నా వైపు తిరిగి మర్యాదగా, ఇది ఎవరిల్లని అడిగాడు.

మట్టి ఇచ్చే చోటికి ఆయన్ని తీసుకుపోలేదు. అవ్వతో అరుగు మీద కూర్చోబెట్టి నేను పోయి మా ముగ్గురి తరపునా మూడు పిడికిళ్లు వేసి వచ్చాను.

నాకు తెలిసినవాళ్లలో అంతటి మనిషి ఇంకొకరు లేరు. ఈ మాట ఆమె వింటే, ముందు గోళ్లు చూపించమనేది.

మంచిర్యాల చేరేసరికి సాయంత్రమైంది. అవ్వ కాళ్లు కడుక్కుంటోంది. బాపు మంచం మీద కూర్చుని చెవి ఒగ్గి ఏదో వింటున్నాడు, ఆయనకు ఒక్కడికే వినబడే కూనిరాగమేదో.

"సిస్టరమ్మ వచ్చె యాళ్లయింది. తలుపు తియ్యిండ్రి" అన్నాడు.

అవ్వ నా వైపు చూసింది. నేను లేచి పోయి తలుపు బార్లా తీసి పెట్టాను.